ఏడో దీవి అల్లుడిది

మొన్న కోరుట్ల బస్టాండులో సిరిసిల్ల బస్సు కోసం కూర్చున్నాను. పక్కన ఒక ముసలమ్మ, ఆమె మనవరాలు. ఆ పిల్ల ఒకచోట నిలవడం లేదు. సోడాబండి దగ్గరికి ఒకసారి, పల్లీల గంప దగ్గరికి ఒకసారి ఉరుకుతోంది. ముసలమ్మ విసిగిపోయి కొంగు సర్దుకుని ఒక కేక వేసింది.

"పోతే పో గని, రెండో దీవి సముద్రం లెక్క మల్ల అచ్చి నా పక్కపొంటి కూసోవాలె! ఎరికేనా?"

పిల్ల తల ఊపింది. ఏం దీవి, ఏం సముద్రం అని అడగలేదు. రోజూ వినే మాటే అన్నట్టు ఊపి మళ్లీ ఉరికింది. నేను మాత్రం బస్సు మాట మరిచిపోయాను. ముసలమ్మ వైపు జరిగి కూర్చున్నాను.

"అవ్వా, ఏం దీవి అది?"

"ఏ ఊరు కొడుకా నీది?"

"సిరిసిల్ల."

"సిరిసిల్లల ఉండి ఎరుక లేదా! కోనరావుపేట దిక్కు ఒక గౌడాయన ఉండె. ఆయన చూసొచ్చిన దీవులు. మా ముత్యంపేటల బీడీలు చేసుకుంట అందరం అవ్వే చెప్పుకుంటం. పొద్దు పోయేదే ఎరుకగాదు."

ఆమె వేళ్లు ముడుస్తూ లెక్కపెట్టింది. గాలి దీవి, సముద్రం మేతకు పోయే దీవి, బరువు లేని దీవి, నీడ దీవి, నేత దీవి, నడిచే దీవి. ఒక్కటి తప్పలేదు. వరస కూడా తప్పలేదు. ఆరో వేలు దగ్గర ఆగిపోయింది.

"ఏడోది?" అన్నాను.

"ఏడోది ఆయన చెప్పలే. ఏడోది మా అల్లునిది, ఆయనే అచ్చి చెప్తడు అన్నడట. గా అల్లుడు చెప్పకముందే ఈయన పోయిండట. ఆ అల్లుడు ఎవడో గని, నోట్ల ఏం బెట్టుకున్నడో!"

బస్సు వచ్చింది. అందరూ ఎక్కారు. నేను ఎక్కలేకపోయాను. ఎందుకంటే ఆ అల్లుణ్ని నేనే.

ఆయన పేరు ఇక్కడ రాయను. మొదటి దీవిలో మనిషి పేరు గట్టిగా పిలిస్తే గాలి దాన్ని ఎత్తుకుపోతుందని, ఇక ఆ మనిషికి పేరు లేకుండా పోతుందని ఆయనే చెప్పేవాడు. అందుకని నాకు ఆయన మామ. మాకు చుట్టరికం ఏమీ లేదు. ఆయనది తాళ్లెక్కి కల్లుగీసే ఇల్లు, మాది మగ్గాల ఇల్లు. ఈ వరస కలిసింది భూమ్మీద కాదు, విమానంలో.

మొదటిసారి గల్ఫ్‌కు పోతున్నాం ఇద్దరం. మా దగ్గర ఏ దేశం పోయినా దుబాయి పోయిండనే అంటారు గనుక నేనూ దుబాయి అనే అంటాను. విమానం లేస్తుంటే సీటు చేతులు గట్టిగా పట్టుకున్నాను. కళ్లు మూసుకుని కొండగట్టు అంజన్నకు మొక్కుకుంటున్నాను. పక్క సీటులోంచి ఒక చెయ్యి వచ్చి నా నడుముకున్న బెల్టును పట్టి రెండుసార్లు గుంజి చూసింది.

"మోకు గట్టిగనే ఉన్నది అల్లుడా. గింతకన్న సన్నపు మోకు మీద నేను ముప్పై ఏండ్లు చెట్లెక్కిన. కండ్లు తెరువు. మీదికి పోయేటప్పుడు కండ్లు మూసుకోవద్దు, ఎంత మంచిగుంటదో సూడు!"

తెరిచాను. మబ్బులు కింద ఉన్నాయి. ఆయన కిటికీకి ముక్కు ఆనించి, చిన్నపిల్లలు జాతరలో చూసినట్టు చూస్తున్నాడు. భయమన్నది ఆ మొహంలో లేదు. అప్పుడు పడ్డ వరస ఇక మారలేదు.

మనిషి ఎలా ఉండేవాడంటే, ముందు మెడ కనిపించేది. పొడుగు మెడ, ఎప్పుడూ మీదికే ఎత్తి ఉండేది. నేలమీద నడుస్తున్నా ఎడమచెయ్యి నడుము మీద ఉండేది, అక్కడ మోకు ఉన్నదీ లేనిదీ చూసుకుంటున్నట్టు. కొత్త మనిషి ఎదురైతే కాళ్ల నుంచి తలదాకా చూసి, "నువ్వు మంచిగ పారుతవు" అనేవాడు. అది ఆయన ఇచ్చే పెద్ద మెప్పు. కల్లు బాగా దిగే చెట్టును పారుతుంది అంటారు. ఇంకో అలవాటు కూడా ఉండేది. ఏ ఊరివాడు కనబడ్డా మొదట అడిగే మాట, "మీ ఊళ్ల చెట్లు బాగున్నయా?"

మనుషుల్ని తర్వాత అడిగేవాడు. పెళ్లికి పిలవను వచ్చినవాళ్లనూ అదే అడిగేవాడు, చావుకబురు తెచ్చినవాళ్లనూ అదే. ఒకసారి వాళ్ల బావమరిదికి కోపం వచ్చి, "మా నాయిన దవాఖానల ఉన్నడంటే చెట్లు బాగున్నయా అంటవేంది బావా!" అని కొట్లాటకు దిగాడట. చెట్టు మెడ మీద కత్తి పెట్టి బతికే మనిషి, ఆ చెట్టును అడగకుండా ఎట్లుంటాడు? ఆయన లోకంలో అది మర్యాద. కత్తి పెట్టే ముందు అరచేయి చెట్టు మీద ఆనించి, దానితో ఏదో గొణిగి అప్పుడు ఎక్కేవాడు.

ఇక దీవుల సంగతి. ముందు అవి ఎట్లా పుట్టాయో చెప్పాలి.

మా దిక్కు దుబాయి నుంచి ఎవరైనా వస్తే వాడకట్టంతా వచ్చి చుట్టూ కూర్చుంటుంది. పెట్టె తాళ్లు అందరిముందరే విప్పాలి. సెంటు సీసాలు, దుప్పట్లు, టార్చిలైట్లు ఒక్కొక్కటే బయటికి రావాలి. మామ పోయిన అయిదో నెలలోనే తిరిగొచ్చాడు. చేతిలో ఒక్క గుడ్డసంచి. దాంట్లో ఒక లుంగీ, పళ్లపుల్లలు. మా అత్త లోపలికి పోయి తలుపు వెనక నిలబడి ఏడుస్తోంది. జనమైతే వచ్చి కూర్చున్నారు. అయిదు నెలలకే ఎందుకొచ్చిండని చెవులు కొరుక్కుంటున్నారు. చివరికి ఒకాయన అడిగేశాడు.

"ఏం తెచ్చినవ్ గౌడా?"

మామ సంచి పక్కన పెట్టి, కాళ్లు మడిచి కూర్చుని, తొడ చరిచి అన్నాడట: "దీవులు తెచ్చిన. మొత్తం ఏడు దీవులు. కూసోండ్రి, ఒక్కొక్కటే ఇప్పుత!"

ఈ మాట మా తమ్ముడు ఫోనులో చెప్పాడు. నేను అప్పుడు దుబాయిలోనే ఉన్నాను. వాడు ఒకటే సంబరం. "అన్నా, మీరిద్దరు దీవులల్ల ఉన్నరట గద! మాకెందుకు చెప్పలేదే? సముద్రం పొద్దుగాల లేచి మేతకు పోతదట, నిజమేనా?"  మేమున్నది ఎడారిలో ఒక ఖర్జూరం తోట. దీవి కాదు గదా, మా ఎనిమిదిమందికి కలిపి ఉన్న గదిలోంచి చూస్తే ఒక బకెట్టు సముద్రం కూడా కనిపించదు.

నిజమే అన్నాను.

అప్పటి సిరిసిల్ల సంగతి తెలిసినవాళ్లకు తెలుసు. సాంచాల, అంటే మరమగ్గాల, చప్పుడు లేని వాడల్లో మధ్యాహ్నాలు నడవలేకపోయేవాళ్లం. మగ్గం ఆగిన ఇంట్లో మనిషి ఏం చేసుకుంటాడోనని ఇంటివాళ్లు వెంట వెంట తిరిగేవాళ్లు. మా తమ్ముడి మగ్గం కూడా ఆగింది. వాడు సైకిలేసుకుని మామ వాళ్ల ఊరి మండువకు పోయేవాడు. మండువ అంటే తాటివనంలో కల్లు దించి పోసే చోటు. వాడు తాగడానికి పోలేదు, వినడానికి పోయాడు. వాడొక్కడే కాదు, మా వాడకట్టు నుంచి నలుగురైదుగురు పోయేవాళ్లు. వాళ్ల మొహాల మీద కొంచెం వెలుగు వచ్చేదని మా అమ్మ చెప్పేది.

మరి ఆ దీవులు అట్లాంటివి! నేను మొదటిసారి సెలవు మీద వచ్చినప్పుడు మామ నోట స్వయంగా విన్నాను. ఇప్పుడు తలచుకున్నా ఒళ్లు జలదరిస్తుంది.

మొదటి దీవిలో గాలి కింది నుంచి మీదికి కొడుతుంది. వాన కూడా నేలలోంచి లేచి మీదికే పోతుంది. అందుకని ఆ దీవోళ్లు చూరుకు కుండలు బోర్లించి కట్టి నీళ్లు పట్టుకుంటారు. పేర్లు పిలిస్తే గాలి ఎత్తుకుపోతుంది గనుక ఒకరినొకరు ఈలతో పిలుచుకుంటారు. పెండ్లాం ఈల వేరు, అత్త ఈల వేరు. "అత్త ఈల ఇనబడ్తె కోడండ్లు ఇనబడనట్టే ఉంటరు, అక్కడ సుత అంతే!" అని మామ కన్నుగీటితే మండువంతా గొల్లుమనేది.

రెండో దీవి సముద్రం పొద్దు నడినెత్తికి రాగానే లేచి మేతకు పోతుంది. ఎటు పోతుందో ఎవరికీ తెలియదు. పోగానే ఆడవాళ్లు చీపుర్లు పట్టుకుని సముద్రం అడుగు ఊడ్చుకుంటారు. పేడనీళ్ల చాన్పి చల్లి ముగ్గు పెడతారు. మాపటికి అది అరుస్తూ ఇల్లు చేరుతుంది. ఒక్కనాడు ఆలస్యమైతే ఊరంతా ఒడ్డున నిలబడి, తప్పిపోయిన బర్రెను పిలిచినట్టు పిలుస్తారు.

నాలుగో దీవిలో నీడకు బరువుంటుంది, తడి దుప్పటిలాగా. దాన్ని మడతపెట్టి సంకలో పెట్టుకోవచ్చు. "సుట్టం అస్తే మనం చెంబుల నీళ్లిస్తం. వాళ్లు నీడ ఇస్తరు. కప్పుకొని కూసోమంటరు. ఎందుకచ్చినవ్, ఏం తెచ్చినవ్ అని తొమ్మిది దినాలు అడగరు. పదో దినం అడుగుతరు. ఏమనంటవా? ఆకలైతుందా అని!" ఈ మాట చెప్పేటప్పుడు మామ ఎవరివైపూ చూసేవాడు కాదు. అడగవలసినవాళ్లు మాత్రం తలలు దించుకునేవాళ్లు.

అయిదో దీవిలో సముద్రమే నేస్తుంది. అల వచ్చి పోతే నురగ ఒడ్డున నూలుపోగులై మిగులుతుంది. రెండో అల అడ్డంగా వచ్చి పేకను వేసి పోతుంది. మోకాలి లోతు నీళ్లలో నిలబడి జనం బట్టను చుట్టుకుంటారు. "గా మగ్గానికి కరెంటు పోదు. గా మగ్గం బంద్ కాదు. సముద్రానికి అలుపున్నదా?" అని మా సిరిసిల్లోళ్ల వైపు తిరిగి అడిగేవాడు. భయంతో బుగులు పుట్టిన రోజు మా తమ్ముడు ప్రత్యేకంగా ఆ దీవినే అడిగి చెప్పించుకునేవాడట.

ఆరో దీవి నడుస్తుంది. ఎక్కడా ఆగదు. రోజూ పొద్దున దీవోళ్లు ఒక వెదురుబొంగు పాతి ఎంత దూరం వచ్చామో చూసుకుంటారు. "మన దిక్కు మనిషి పోతడు, ఊరు ఉంటది. అక్కడ ఊరే లేచి పోతది. పిల్లలు, ముసలోళ్లు, మ్యాకలు, బొడ్రాయి అంత కలిసి పోతరు. ఎనుక మిగిలెటోడు ఎవడు ఉండడు. ఏడ్చెటోడు ఉండడు." అప్పుడు మండువలో ఎవరూ నవ్వేవాళ్లు కాదు. దుబాయి పోయిన కొడుకులున్న తండ్రులు తాటాకు రేకలోని కల్లు తాగడం మరిచిపోయేవాళ్లు.

మూడో దీవిని దాటేశాను. దాని గురించి చెప్పడం నాకు కష్టం. అక్కడ మనిషికి పొద్దున బండంత బరువు, పొద్దు వంగినకొద్దీ బరువు తగ్గి మాపటికి దూదిపింజ. "అక్కడ చెట్టెక్కుడు కష్టం కాదు, దిగుడు కష్టం!" ఒకనాడు మామ తాటిచెట్టెక్కి బరువు పోయి ఆకాశంలోకి లేచిపోతుంటే, కింద నిలబడ్డ ఒక మనిషి మోకు కొస పట్టుకుని తెల్లారేదాకా వదలకుండా గుంజి పట్టాడట. చేతులు కోసుకుపోయినా వదలలేదట. ఆ మనిషిని నేనట.

నేను మండువలో అడుగు పెట్టగానే మామ చెట్టు మీదినుంచే కేకేశాడు. "అగో! నన్ను మోకు పట్టి ఆపిన అల్లుడు! లేవుండ్రి, జాగియ్యిండ్రి!" పెద్ద పెద్దవాళ్లు లేచి నిలబడ్డారు. ఒకాయన నా అరచేతులు తిప్పి చూశాడు, కోసుకుపోయిన గుర్తులు ఉన్నాయేమోనని. నాకు నేలలోకి కుంగిపోవాలనిపించింది.

జరిగింది ఇదీ.

ఖర్జూరం తోటలో అడుగుపెట్టిన నాడే మామ ఒక చెట్టును కావలించుకున్నాడు. "అల్లుడా, గిది మన ఈతచెట్టుకు మేనబావ! అదే మెడ, అదే మట్ట!" చెట్టు చుట్టూ తిరిగాడు, చెవి ఆనించాడు. లోపల కల్లు ఎంత ఉందో చెప్పాడు. కానీ ముట్టలేదు. "వాళ్ల చెట్టు. వాళ్ల మాట లేకుంట కత్తి పెట్టద్దు" అన్నాడు. మూడు నెలలు ఆ మాట మీదే ఉన్నాడు.

ఆ మాట తప్పించింది నేను. నాకు వారం రోజులు జ్వరం. నాలుక ఎండిపోయింది. మా ఊళ్లో ఒళ్లు కాలుతుంటే మా అమ్మ ఈతకల్లు తెప్పించి పట్టేది, చలవ అని. "మామా, ఒక్క గుటికెడు తాపు. తాగకుంటే నేను ఇంటిమొకం చూడ" అని చిన్నపిల్లవాడిలా ఆయన చెయ్యి పట్టుకుని ఏడ్చాను. ఆయన చాలాసేపు గడప మీద కూర్చున్నాడు. తర్వాత లేచి, మట్టలు కొట్టే కత్తిని రాయి మీద నూరాడు.

ఈతచెట్టును ఎట్లా గీస్తారో అట్లాగే గీశాడు, మెడ దగ్గర, లోతుగా. మన ఈత ఆ గాటును తట్టుకుంటుంది. మరుసటి ఏడాది అవతలి పక్క గాటుకు మెడ ఇస్తుంది. ఖర్జూరం అట్లాంటిది కాదని ముప్పై ఏళ్లు ఈతచెట్లు గీసిన చేతికి ఎవరు చెప్పాలి? మూడోనాటికి ఒక డబ్బా నిండింది. నా నోటికి ఆనించి, "తాగు, గిది మన కోనరావుపేట" అన్నాడు. తాగాను. బతికాను. ఆ వారమే చెట్టు ఒక పక్క మట్టలన్నీ వేలాడేసింది.

అది తోట యజమాని తండ్రి పాతిన చెట్టు. ఆ ముసలి యజమాని వచ్చి, గాటు చూసి, చెట్టును పట్టుకుని ఏడ్చాడు. అది చూసి ఎవరూ ఏమీ అడగకముందే మామ కూడా ఏడవడం మొదలుపెట్టాడు. మేస్త్రీ మా ఎనిమిదిమందినీ వరసలో నిలబెట్టాడు. కోసింది ఎవరు అన్నాడు. మామ ఒక అడుగు ముందుకు వేశాడు. తాగింది ఎవరు అన్నాడు.

డబ్బా నా మంచం కింద ఉంది.

మామ తల తిప్పి నావైపు చూశాడు. చెట్టు మీది నుంచి కల్లుకుండను, అంటే లొట్టిని, దించేటప్పుడు కింద ఉన్నవాళ్లకు గీసేవాడు ఒక సైగ చేస్తాడు, అరచేత్తో గాలిని నెట్టినట్టు. జరుగు, మీద పడుతది అని. ఆ సైగ చేశాడు. "తాగింది సుత నేనే" అన్నాడు.

నేను జరిగాను. నా చెప్పులవైపు చూస్తూ నిలబడ్డాను. మా తమ్ముడి మగ్గం ఆగిందనీ, మా అమ్మ మందులనీ నాకు నేను ఎన్నో చెప్పుకున్నాను తర్వాత. అవన్నీ నిజమే. కానీ అప్పుడు అవేవీ గుర్తులేవు. భయపడ్డాను, అంతే. ఆయన్ని తీసుకుపోయి కొన్ని వారాలు లోపల పెట్టి, ఇంటికి పంపేశారు. నేను పదకొండేళ్లు ఆ తోటలోనే ఉన్నాను.

ఇంత చేసినవాణ్ని ఆయన మూడో దీవిలో వీరుణ్ని చేసి కూర్చోబెట్టాడు! ఏడోది నాకు వదిలిపెట్టాడు. ఆ మొదటి సెలవునాడు మండువలో జనం ఏడోది చెప్పమని నన్ను పట్టుకున్నారు. మామ చెయ్యెత్తి ఆపాడు. "ఆగుండ్రి. వానికి చెప్పబుద్ధి అయిననాడు చెప్తడు. గది వాని దీవి." నా చేతిలో తాటాకు రేక పెట్టి కల్లు పోశాడు. సగం కల్లు నేలమీద ఒలకబోసుకున్నాను. ఆయన చూడనట్టే లొట్టి ఎత్తుకుని ముందుకు పోయాడు.

ఆనాడు ఇంకో సంగతి గమనించాను. జగిత్యాల నుంచి ఒక మామిడితోట ఆయన వచ్చాడు. "మీ జగిత్యాలల చెట్లు బాగున్నయా?" అని మామ ఆయన్ని అడిగాడు. మా తమ్ముణ్ని అడిగాడు, బీడీల ఏజెంటును అడిగాడు. అంత దూరం నుంచి, అన్ని చెట్ల మధ్య నుంచి వచ్చిన నన్ను మాత్రం అడగలేదు. "అన్నం తిన్నవా అల్లుడా?" అన్నాడు. నేను బయల్దేరితే రోడ్డుదాకా వెంట వచ్చాడు. నోరు తెరిచాడు. మళ్లీ మూసుకుని, "పైలం" అని వెనక్కి తిరిగాడు. చెట్ల మాట ఎత్తనందుకు నేను లోలోపల సంతోషించాను. ఇప్పుడు ఆ సంతోషం తలచుకుంటే నన్ను నేనే కొట్టుకోవాలనిపిస్తుంది.

తర్వాత ఎన్నోసార్లు కలిశాం. ఊరికి వచ్చేశాక మరీ ఎక్కువ. ప్రతిసారీ ఇవాళ కాదు, ఇంకోసారి అనుకున్నాను. ఆయన చెట్టెక్కడం మానేశాడు, పొడుగు మెడ వంగింది. అప్పుడూ చెప్పలేదు. పోయిన నెల ఆయనే పోయాడు. దినాలకు వెళ్లి, అందరి వెనకాల నిలబడి, దొంగలాగా తిరిగి వచ్చాను.

కోరుట్ల బస్టాండులో ఆ ముసలమ్మ మాట విన్నాక ఇంక ఆగలేకపోయాను. తర్వాతి బస్సులో సిరిసిల్లలో దిగి, ఇంటికి పోకుండా, అక్కడే ఆటో మాట్లాడుకుని మండువకు పోయాను. మధ్యాహ్నం దాటింది. ఇప్పుడు ఆ మండువను మామ బిడ్డే చూసుకుంటోంది. ఆరేడుగురు కూర్చుని ఉన్నారు.

"రా బావా, కూసో" అంది ఆమె, రేక అందుకుంటూ.

"ఏడో దీవి చెప్తందుకు అచ్చిన" అన్నాను నిలబడే.

 ఒక పెద్దమనిషి తుండు దులిపి నాకు జాగా చేశాడు. వాళ్ల కళ్లు ఎట్లా మెరిశాయో! ఎన్నేళ్ల నుంచి ఎదురుచూస్తున్నారో పాపం.

"ఏడో దీవిల వింత ఏం లేదు. గాలి మామూలు గాలే, నీళ్లు మామూలు నీళ్లే. ఒక చెట్టున్నది" అని మొదలుపెట్టాను. జ్వరం చెప్పాను, కత్తి చెప్పాను, డబ్బా చెప్పాను. వరసలో నిలబెడితే ఒకడు అడుగు ముందుకు వేశాడని, తాగినవాడు చెప్పులు చూసుకుంటూ నిలబడ్డాడని చెప్పాను.

పెద్దమనిషి తొడ చరిచి నవ్వాడు. "ఎరుకైంది! మూడో దీవిల మనుషులకు తక్కువైన బరువంత అచ్చి గీ దీవిల నాలుకల మీద పడ్డది. లేకుంటే అంత అన్యాయంగ ఎవడు ఊకుంటడు?" అందరూ నవ్వారు.

"నాలుకకు ఏ బరువు లేదు పెద్దయ్యా. తాగినోణ్ని నేనే. బుగులుకు ఊకున్న. మూడో దీవి అబద్ధం. నేను ఏ మోకు పట్టలే."

నవ్వు ఆగింది. ఎవరూ నావైపు చూడలేదు. మామ బిడ్డ మాత్రం లొట్టి కింద పెట్టి నా ఎదురుగా వచ్చింది. తిడుతుందనుకున్నాను. తిట్టాలనే కోరుకున్నాను.

"బావా, ఆ చెట్టు బతికిందా?"

నాకు అర్థం కాలేదు. ఇంత చెబితే చెట్టు మాట ఏమిటి అనుకున్నాను.

"నాయిన చెప్పి పోయిండు. ఏడో దీవి చెప్పెటోడు అచ్చిననాడు వేరే ఏం అడగకు బిడ్డా, చెట్టు బతికిందా అని ఒక్కటి అడుగు అన్నడు. ఏం చెట్టు నాయినా అంటే చెప్పకపోయె. పానం పోయేదాక ఆయనకు గదే రంది."

అప్పుడు తెలిసింది నాకు. ఊరందరి చెట్లనూ అడిగి నన్ను ఒక్కణ్ని ఎందుకు అడగలేదో తెలిసింది. అడిగితే నేను తలదించుకోవాల్సి వస్తుందని ఆయన అడగలేదు. నేను పరువు గురించీ నిజం గురించీ ఏవేవో పెద్ద మాటలు మనసులో పెట్టుకుని నలుగుతూ ఉంటే, ఆయనకు కావలసింది ఒక్క మాట. ఎవరికీ ఏదీ ఒప్పుకోకుండానే రోడ్డు మీద నడుస్తూ కూడా ఆ మాట చెప్పి ఉండొచ్చు.

"బతికింది" అన్నాను. "గాటుకు మట్టి మెత్తి గోనెపట్ట కట్టిన. పదకొండేండ్లు నేనే నీళ్లు పోసిన. మెడ కొంచెం వంకరయింది గని ఏటేట కాసింది. మస్తు కాసింది."

"గింత మాటకు గిన్నేండ్లా బావా" అంది ఆమె.

గొంతులో కోపం లేదు. ఆమె తిరిగి, వాళ్ల నాన్న మోకు ఇంకా వేలాడుతున్న తాడిచెట్టు దగ్గరికి పోయింది. ఆయన ఆనించినట్టే అరచేయి దాని మీద ఆనించింది.

"నాయినా, బతికిందట. కాసిందట" అని చెప్పింది.

నేను మళ్లీ నా చెప్పులవైపే చూస్తున్నాను. అది తెలిసి, తల ఎత్తి చెట్టు పైకి చూశాను.